జాయినింగ్ వాయిదా వేసే కంపెనీ, బాండ్ అడిగే కంపెనీ: ఎవరి మాట నమ్మాలి?

మీ ప్రశ్న నాకు అర్థమైనట్టు ముందు చెప్తాను, మిగతావాళ్ళకూ వీలుగా ఉంటుంది. క్యాంపస్‌లో ఒక పెద్ద సర్వీస్ కంపెనీ (క్లయింట్ల కోసం సాఫ్ట్‌వేర్ పని చేసిపెట్టే ఐటీ కంపెనీ) మీకు ఆఫర్ ఇచ్చింది. జాయినింగ్ రెండుసార్లు వాయిదా వేసింది, మూడో తేదీ చెప్పడం లేదు. ఈలోగా మాదాపూర్‌లో ఒక చిన్న కంపెనీ వెంటనే చేరమంటోంది. కానీ రెండేళ్ళ బాండ్, మధ్యలో మానేస్తే 2 లక్షలు, పైగా బీటెక్ ఒరిజినల్స్ వాళ్ళ దగ్గరే పెట్టాలట. నెట్‌లో దాని రేటింగ్ బాగుంది, అక్కడ చేసి బయటికొచ్చిన మీ సీనియర్ మాత్రం వద్దంటున్నాడు. ఎవరి మాట నమ్మాలి? పేరు బాగాలేని కంపెనీలో చేరితే రెజ్యూమెకి మచ్చ పడుతుందా? మీకు జరిగింది బయట రాస్తే బ్లాక్‌లిస్ట్‌లో పెడతారా? అసలు కంపెనీలకు పేరు పోతుందన్న భయం ఉంటుందా? ఇవీ మీరు అడిగినవి.

నేను 18 ఏళ్ళుగా హైదరాబాద్‌లో రిక్రూట్‌మెంట్‌లోనే ఉన్నాను. మొదట అమీర్‌పేటలో ఒక కన్సల్టెన్సీలో, ఆ తర్వాత కంపెనీల లోపల టాలెంట్ అక్విజిషన్ టీముల్లో. ఆఫర్ ఇచ్చేవాళ్ళ వైపు నుంచి ఇదంతా ఎలా నడుస్తుందో తెలిస్తే మీ నిర్ణయం మీరే తీసుకోగలరు. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

ఒక్క విషయం మాత్రం ఇప్పుడే చెప్పేస్తాను, ఇందులో ఆలోచించాల్సింది ఏమీ లేదు. ఒరిజినల్ సర్టిఫికెట్లు ఎవరి దగ్గరా పెట్టకండి. చూపించండి, పరిశీలించుకోనివ్వండి, జిరాక్స్ మీద సంతకం చేసివ్వండి, ఒరిజినల్స్ అదే రోజు ఇంటికి తెచ్చుకోండి. వాటిని అట్టిపెట్టుకునే హక్కు ఏ చట్టమూ కంపెనీకి ఇవ్వలేదు. రేపు మీకు వేరే ఉద్యోగం వచ్చినా, ఎంటెక్‌లో సీటు వచ్చినా, వీసాకి వెళ్ళాల్సొచ్చినా ఆ కాగితాల కోసం వాళ్ళ చుట్టూ తిరగాలి. జీతం నెలల తరబడి ఆపినా కిక్కురుమనకుండా ఉండేవాళ్ళను చూశాను. కారణం అడిగితే, సర్టిఫికెట్లు వాళ్ళ బీరువాలో ఉన్నాయనేవారు.

ఇక పెద్ద కంపెనీ సంగతి. సర్వీస్ కంపెనీ ఫ్రెషర్లను తీసుకునేది ఇవాళ చేతిలో ఉన్న పనికి కాదు, ఏడాది తర్వాత వస్తుందని లెక్కేసుకున్న పనికి. మీరు ఫైనల్ ఇయర్‌లో అడుగుపెట్టగానే క్యాంపస్‌కి వస్తారు. మీరు చేరేది మరుసటి ఏడాది పరీక్షలయ్యాక. ఈ మధ్యలో అమెరికాలో క్లయింటు బడ్జెట్ తగ్గించుకుంటే, రావాల్సిన ప్రాజెక్టు ఆగిపోతే, ముందుగా ఆగేది జాయినింగ్ బ్యాచ్. పనిచేస్తున్నవాళ్ళను తీసేస్తే పేపర్లో వస్తుంది, షేర్ హోల్డర్లు అడుగుతారు. ఇంకా చేరనివాళ్ళను ఆపితే కంపెనీ ఖాతాలో ఒక్క రూపాయి కూడా ఖర్చుగా కనబడదు. జీతం లేదు, బెంచ్ (ప్రాజెక్టు లేకుండా జీతం మీద ఉంచడం) లేదు, నోటీస్ లేదు. ఆ ఖర్చంతా మీ ఇంట్లో పడుతుంది. హాస్టల్ అద్దె, ఎడ్యుకేషన్ లోన్ వడ్డీ, చుట్టాల ప్రశ్నలు, ఇవేవీ వాళ్ళ లెక్కలోకి రావు. జాయినింగ్ వాయిదా ఇంత సులువుగా జరిగిపోవడానికి అసలు కారణం ఇదే.

2021, 2022 సంవత్సరాలు గుర్తుచేసుకోండి. కోవిడ్ తర్వాత ప్రాజెక్టులు విపరీతంగా వచ్చాయి. 2021-22లో టీసీఎస్ లక్ష మంది ఫ్రెషర్లను, ఇన్ఫోసిస్ 85 వేల మందిని తీసుకున్నాయి. అదే సమయంలో ఉన్నవాళ్ళు వెళ్ళిపోతున్నారు. 2022 జూన్ త్రైమాసికానికి ఇన్ఫోసిస్‌లో అట్రిషన్, అంటే ఏడాదిలో మానేసినవాళ్ళ వాటా, 28.4 శాతం, సెప్టెంబర్ త్రైమాసికానికి టీసీఎస్‌లో 21.5 శాతం. వందలో ఇరవై, ముప్పై మంది ఏడాదిలో వెళ్ళిపోతుంటే రిక్రూటర్ మీద ఎంత ఒత్తిడి ఉంటుందో ఊహించుకోండి. కనబడ్డ ప్రతి కాలేజీకీ వెళ్ళాం, ఆఫర్లు గుప్పించాం. ఆ తర్వాత డిమాండ్ పడిపోయింది. 2023 ఫిబ్రవరిలో విప్రో, శిక్షణ పూర్తిచేసి ఏడాదికి 6.5 లక్షల ఆఫర్‌తో ఎదురుచూస్తున్న ఫ్రెషర్లను 3.5 లక్షలకు చేరతారా అని మెయిల్‌లో అడిగింది. ఇన్ఫోసిస్ 2022లో ఆఫర్లిచ్చిన దాదాపు 2 వేల మంది రెండేళ్ళు ఆగాల్సొచ్చిందని ఐటీ ఉద్యోగుల సంఘం నైట్స్ 2024 ఆగస్టులో కేంద్ర కార్మిక శాఖకు ఫిర్యాదు చేసింది. ఇచ్చిన ప్రతి ఆఫర్‌కూ కట్టుబడి ఉంటామని కంపెనీ చెప్పింది, 2024 అక్టోబర్ నుంచి చేర్చుకోవడం మొదలుపెట్టింది కూడా. అయితే 2025 ఫిబ్రవరిలో మైసూరు క్యాంపస్ నుంచి 300 మందికి పైగా ట్రైనీలను పంపేశారు. మూడు అవకాశాలిచ్చినా అసెస్‌మెంట్ పాస్ కాలేదని, ఆ షరతు కాంట్రాక్టులోనే ఉందని కంపెనీ వివరణ. వాళ్ళలో చాలామంది ఆ రెండేళ్ళు ఎదురుచూసి చేరినవాళ్ళేనని పత్రికలు రాశాయి.

కంపెనీ చెప్పిన కారణం కాగితం మీద సరైనదే కావచ్చు. కానీ రెండేళ్ళు కోడ్ ముట్టుకోకుండా, ఇవాళ పిలుస్తారు రేపు పిలుస్తారని కూర్చున్న పిల్లలకూ, కాలేజీ నుంచి నేరుగా వచ్చిన పిల్లలకూ ఒకే పరీక్ష పెట్టడం న్యాయం అని నేను అనుకోను. ఆ జాప్యం వాళ్ళు చేసింది కాదు.

ఇలాంటి వాటి వల్ల కంపెనీలకు నష్టం ఉంటుందా అని అడిగారు. ఉంటుంది. కానీ మీరనుకున్న చోట కాదు. షేర్ ధరలో కనబడదు, రేటింగ్ సైట్లో కూడా పెద్దగా కనబడదు. కాలేజీల్లో కనబడుతుంది. నేను పనిచేసిన ఒక కంపెనీలో ఒక బ్యాచ్ జాయినింగ్ పదే పదే వాయిదా వేశారు. పిల్లలకు ఫోన్ చేసి చెప్పే పని మా టీముకే పడింది, కారణం మాత్రం చెప్పొద్దన్నారు. తండ్రులు ఫోన్ లాక్కుని మాట్లాడేవాళ్ళు. ఒకాయన అయితే అరవలేదు, తిట్టలేదు, "సార్, రాదని చెప్పేయండి, మావాడు ఇంకో దారి చూసుకుంటాడు" అన్నాడు. ఆ ఒక్క మాట చెప్పే అధికారం మాకు లేదు. మరుసటి ఏడాది అదే కాలేజీకి డ్రైవ్‌కి వెళ్తే ప్లేస్‌మెంట్ ఆఫీసర్ మర్యాదగానే కూర్చోబెట్టారు గానీ మమ్మల్ని చివరి స్లాట్‌లో వేశారు. బాగా చదివే పిల్లలు అప్పటికే వేరేచోట సెలెక్ట్ అయిపోయారు. మిగిలినవాళ్ళు కూడా 'ఇది వచ్చినా చూసుకుంటూ ఉందాం' అన్నట్టే రాశారు. ఆఫర్ ఇచ్చినవాళ్ళలో చాలామంది చేరలేదు. సీనియర్ల వాట్సాప్ గ్రూపుల్లో మా కంపెనీ పేరు ఎలా తిరిగిందో పిల్లలే చెప్పారు. బ్రాండింగ్ కోసం మార్కెటింగ్ వాళ్ళు ఎంత ఖర్చుపెట్టినా ఆ కాలేజీలో మా మాటకు విలువ తిరిగి రాలేదు.

చేరకపోవడం అన్నాను కదా, మన హైదరాబాద్ మార్కెట్‌లో అసలు జబ్బు అక్కడే ఉంది. మాకు ఒక లెక్క ఉంటుంది, ఇచ్చిన ఆఫర్లలో ఎంతమంది చేరారు అని. నోటీస్ పీరియడ్ 90 రోజులు. ఎక్స్‌పీరియన్స్ ఉన్నవాళ్ళు చేతిలో ఒక ఆఫర్ పెట్టుకుని రాజీనామా చేస్తారు, ఆ మూడు నెలల్లో దాన్ని చూపించి ఇంకోటి, దాన్ని చూపించి మరోటి తెచ్చుకుంటారు. చేరాల్సిన రోజు పొద్దున ఫోన్ స్విచ్ఛాఫ్. దీంతో కంపెనీ ఏం చేస్తుంది? పది సీట్లు ఉంటే పద్నాలుగు ఆఫర్లు ఇస్తుంది, నలుగురు ఎలాగూ రారు కదా అని. ఒక్కోసారి పద్నాలుగు మందీ వస్తామంటారు, లేదా సీట్లు పది నుంచి ఏడుకు తగ్గుతాయి. అప్పుడు మిగిలినవాళ్ళ జాయినింగ్ 'బిజినెస్ కారణాల' మీద వాయిదా పడుతుంది. అది చూసిన క్యాండిడేట్లు, ఒక్క ఆఫర్‌ను నమ్ముకుంటే మునిగిపోతామని ఇంకా రెండు మూడు పెట్టుకుంటారు. కంపెనీ ఇంకా ఎక్కువ ఆఫర్లు ఇస్తుంది. ఇలా ఒకరి అపనమ్మకం ఇంకొకరి అపనమ్మకాన్ని పెంచుకుంటూ పోతోంది.

ఈ మాట చెప్తే మా హెచ్ఆర్ వాళ్ళు చాలామంది 'క్యాండిడేట్లకు విలువల్లేవు' అంటారు. నేను ఒప్పుకోను. ఇద్దరూ మాట తప్పుతున్నారు, నిజమే. కానీ క్యాండిడేట్ రాకపోతే కంపెనీకి ఒక సీటు కొన్నాళ్ళు ఖాళీగా ఉంటుంది. కంపెనీ రమ్మని మానేస్తే, ఉన్న ఉద్యోగానికి రాజీనామా చేసినవాడి ఇంట్లో జీతం ఆగుతుంది. 90 రోజుల నోటీస్ పెట్టింది కూడా కంపెనీలే. బలం ఎవరి చేతిలో ఎక్కువుందో మాట నిలబెట్టుకోవడం ముందు వాళ్ళే మొదలుపెట్టాలి. ఆఫర్ ఇచ్చాక ఆ మూడు నెలలూ మేనేజర్ చేత వారానికోసారి మాట్లాడించి, రాబోయే పని గురించి చెప్పించిన టీముల్లో డ్రాపౌట్లు బాగా తగ్గడం నేను చూశాను. దానికి బడ్జెట్ అక్కర్లేదు.

ఇప్పుడు రేటింగ్ నమ్మాలా, సీనియర్‌ని నమ్మాలా అన్నది. ఉద్యోగులు కంపెనీలకు రివ్యూలు రాసే గ్లాస్‌డోర్‌లోగానీ యాంబిషన్‌బాక్స్‌లోగానీ చుక్కల (స్టార్ల) సంఖ్య చూసి ఏమీ తేల్చుకోకండి. కొత్తగా చేరినవాళ్ళ చేత మొదటి వారంలోనే రివ్యూ రాయించే కంపెనీలు ఉన్నాయి. ఆ వారంలో వాళ్ళకి తెలిసేది ల్యాప్‌టాప్ ఇచ్చారా, క్యాంటీన్ బాగుందా అన్నంత వరకే. అందుకే ముందు తేదీలు చూడండి. ఒకే నెలలో, ఒకే రకం వాక్యాలతో, అయిదు చుక్కలతో వరసగా పడ్డ రివ్యూలు ఉంటే వాటిని పక్కనపెట్టండి. కోపంతో రాసిన ఒక్క చుక్క రివ్యూలు కూడా ఒంటరిగా ఉంటే పక్కనపెట్టండి. మధ్యలో ఉండే మూడు చుక్కలవాళ్ళు ఓపిగ్గా రాస్తారు, మంచీ చెడూ రెండూ ఉంటాయి. వేర్వేరు సంవత్సరాల్లో, వేర్వేరు మనుషులు అదే ఫిర్యాదు చేస్తున్నారా అన్నదే ముఖ్యం. 'జీతం పదో తేదీ దాటాక పడుతుంది' అని ముగ్గురు మూడేళ్ళలో రాస్తే అది నిజమని తీసుకోవచ్చు. 'మేనేజ్‌మెంట్ బాగాలేదు' అన్న మాటలో మీకు పనికొచ్చేది ఏమీ లేదు.

అన్నిటికన్నా నమ్మదగిన సమాచారం, ఈమధ్యే మానేసినవాళ్ళ దగ్గర దొరుకుతుంది. లింక్డ్‌ఇన్‌లో ఆ కంపెనీ పేరు కొట్టి, ఇప్పుడు వేరేచోట పనిచేస్తున్నవాళ్ళను వెతకండి. మెసేజ్ పెట్టి 'కంపెనీ ఎలా ఉంటుంది' అని అడగకండి, 'పర్లేదు' అంటారు. మూడే అడగండి: చివరి నెల జీతం ఎప్పుడొచ్చింది, రిలీవింగ్ లెటర్ ఎన్నాళ్ళకు ఇచ్చారు, ఆఫర్‌లో చెప్పిన పనే ఇచ్చారా. చేరేవాళ్ళతో అందరూ తియ్యగానే మాట్లాడతారు, కంపెనీ నిజస్వభావం బయటపడేది వెళ్ళేవాళ్ళతో వ్యవహరించే తీరులోనే. మీ సీనియర్‌కి కూడా ఈ మూడు ప్రశ్నలే వేయండి. అతను వద్దనడానికి కారణం ఒక మేనేజర్‌తో గొడవ అయితే అది మీకు వర్తించకపోవచ్చు. సర్టిఫికెట్ల కోసమో జీతం కోసమో తిరిగి ఉంటే మాత్రం అతని మాటే నమ్మండి.

చిన్న కంపెనీ గురించి మీరే ఇంట్లో కూర్చుని చూసుకోగల రికార్డులు రెండున్నాయి, ఎందుకో పిల్లలకు ఎవరూ చెప్పరు. ఒకటి కార్పొరేట్ వ్యవహారాల శాఖ సైట్. అక్కడ కంపెనీ పేరు కొడితే ఎప్పుడు రిజిస్టర్ అయింది, చెల్లుబాటులో ఉందా, పెట్టుబడి ఎంత అన్నవి కనబడతాయి. పదేళ్ళ అనుభవం అని గోడమీద రాసుకుని, నిరుడు రిజిస్టర్ అయిన కంపెనీలు ఉన్నాయి. రెండోది పీఎఫ్ చూసే కేంద్ర సంస్థ ఈపీఎఫ్ఓ సైట్‌లో సంస్థల వివరాలు వెతికే పేజీ. కంపెనీ ఏ నెలకి పీఎఫ్ ఏ తేదీన కట్టిందో, ఎంతమందికి కట్టిందో అక్కడ ఉంటుంది. ఇంటర్వ్యూలో 'మాకు 300 మంది ఉన్నారు' అని చెప్పి 40 మందికే పీఎఫ్ కడుతుంటే మిగతావాళ్ళు ఏమయ్యారని అడగండి. గత ఏడాదిలో కట్టిన తేదీలు అస్తవ్యస్తంగా ఉంటే జీతాలూ అలాగే ఉంటాయని అనుకోవచ్చు. ఇరవై మంది లోపు ఉన్న సంస్థకు పీఎఫ్ తప్పనిసరి కాదు కాబట్టి అక్కడ పేరు లేకపోవడమే మోసం అనుకోవద్దు. కానీ నిజంగా అంత చిన్నదైతే రెండేళ్ళ బాండ్ రాయించుకునేంత శిక్షణ ఏమిస్తారన్నది మీరు అడగాల్సిన ప్రశ్న.

బాండ్ గురించి సగం తెలిసినవాళ్ళు రెండు రకాలుగా చెప్తారు. 'బాండ్లు చెల్లవు, సంతకం పెట్టెయ్' అని కొందరు, 'పెడితే జైలే' అని కొందరు. రెండూ తప్పే. 1872 నాటి కాంట్రాక్టు చట్టం 27వ సెక్షన్ ప్రకారం, ఒక మనిషి చట్టబద్ధమైన వృత్తి చేసుకోకుండా అడ్డుకునే ఒప్పందం చెల్లదు. అంటే 'మానేశాక పోటీ కంపెనీలో చేరకూడదు' అన్నది సాధారణంగా నిలవదు. కానీ 'ఇన్నేళ్ళు పనిచేయాలి, మధ్యలో మానేస్తే ఇంత కట్టాలి' అన్నది వేరు. 2025 మేలో విజయా బ్యాంక్ కేసులో సుప్రీంకోర్టు మూడేళ్ళ కనీస సర్వీసు, 2 లక్షల రూపాయల షరతును సమర్థించింది. అయితే దాని నేపథ్యం చూడండి. అది ప్రభుత్వ రంగ బ్యాంకు, నోటిఫికేషన్ ఇచ్చి, అందరికీ అవకాశమిచ్చి, ఖర్చుపెట్టి రిక్రూట్ చేసుకోవాలి. ఉద్యోగి సీనియర్ హోదాలో మంచి జీతం మీద ఉన్నాడు. కోర్టు ఆ సంగతులన్నీ లెక్కలోకి తీసుకుంది. నెలకి 15 వేలిచ్చే కంపెనీ 2 లక్షలు రాయించుకుంటే అదే న్యాయం యథాతథంగా వర్తిస్తుందని అనుకోనక్కర్లేదు. అదే చట్టం 74వ సెక్షన్ ప్రకారం ఒప్పందంలో ఎంత రాసుకున్నా సహేతుకమైన పరిహారమే ఇప్పిస్తారు, రాసిన మొత్తం పైపరిమితి మాత్రమే. ఇదంతా సివిల్ వ్యవహారం. పోలీసులు వచ్చేదేమీ లేదు.

చెక్కు సంగతి మాత్రం వేరు. సంతకం చేసిన ఖాళీ చెక్కు ఇస్తే, అది బౌన్స్ అయిందని క్రిమినల్ కేసు వేసే వీలు వాళ్ళకు దొరుకుతుంది. కాబట్టి బాండ్ మీద సంతకం పెట్టాలో వద్దో ఆలోచించుకోవచ్చు, చెక్కు మాత్రం అసలు ఇవ్వకండి. బాండ్ అడిగినప్పుడు మీరు అడగాల్సింది, శిక్షణ ఏమిటి, ఎన్ని వారాలు, ఎవరిస్తారు, నెలలు గడిచేకొద్దీ మొత్తం తగ్గుతుందా, కంపెనీయే తీసేస్తే కట్టాలా. ఈ చివరి ప్రశ్నకు జవాబు కాగితం మీద ఇవ్వని చోట సంతకం పెట్టొద్దని నా సలహా.

ప్యాకేజీ లెక్కల గురించి ఎక్కువ రాయను, ఇప్పటికే చాలామంది చెప్పారు. చేతికొచ్చేది నెలకెంతో కాగితం మీద రాయించుకోండి, కంపెనీ వాటా పీఎఫ్, గ్రాట్యుటీ, వేరియబుల్ (పనితీరును బట్టి వచ్చే భాగం) అన్నీ కలిపి పెద్ద సంఖ్య చూపిస్తారు. 2025 నవంబర్ 21న అమల్లోకి వచ్చిన కొత్త లేబర్ కోడ్‌లతో అపాయింట్‌మెంట్ లెటర్ ఇవ్వడం తప్పనిసరి అయింది, మానేసినవాళ్ళకు రావాల్సిన జీతం రెండు పనిదినాల్లో ఇవ్వాలని కూడా ఉంది. 'లెటర్ ఆర్నెల్లయ్యాక ఇస్తాం' అన్న మాట ఇక ఎవరన్నా ఒప్పుకోనక్కర్లేదు.

ఉద్యోగానికి డబ్బు అడిగినవాళ్ళ గురించీ ఒక మాట. డిపాజిట్ అన్నా, ట్రైనింగ్ ఫీజు అన్నా, బ్యాక్‌డోర్ (దొడ్డిదారి) అన్నా అది మోసమే. అమీర్‌పేట నుంచి హైటెక్ సిటీ దాకా బోర్డులు మారుస్తూ ఈ దందా నడుపుతున్నవాళ్ళు ఉన్నారు. డబ్బు పోయినవాళ్ళు సిగ్గుపడి ఊరుకోకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి, ఎంత త్వరగా చేస్తే అంత మంచిది. ఇలాంటివాళ్ళే ఫేక్ ఎక్స్‌పీరియన్స్ పెట్టిస్తారు. ఇవాళ బ్యాక్‌గ్రౌండ్ వెరిఫికేషన్‌లో ముందుగా చూసేది మీ యూఏఎన్ (పీఎఫ్ ఖాతా నంబర్) మీద ఉన్న సర్వీస్ హిస్టరీ. రెజ్యూమెలో మూడేళ్ళు, పీఎఫ్‌లో ఏమీ లేదు అంటే మాకు నిమిషంలో తెలిసిపోతుంది. ఆ మచ్చ నిజమైన మచ్చ, ఆ కంపెనీలో మళ్ళీ దారి ఉండదు.

కంపెనీ పేరు చెడిపోతే మీ రెజ్యూమెకి మచ్చ పడుతుందా అంటే, పడదు. ఇది తెలుగువాళ్ళకు నేను కొత్తగా చెప్పక్కర్లేదు. 2009 జనవరి 7న సత్యం లెక్కల్లో 7 వేల కోట్ల పైచిలుకు మోసం జరిగిందని దాని చైర్మనే ఒప్పుకున్నాడు. దాదాపు 53 వేల మంది ఉద్యోగులున్న కంపెనీ. ఆ నెలల్లో సత్యం నుంచి రెజ్యూమెలు మా కన్సల్టెన్సీకి కుప్పలుగా వచ్చేవి. కొంతమంది క్లయింట్లు మొదట్లో జంకారు, కానీ ఇంటర్వ్యూలో కూర్చోబెట్టాక పని తెలిసిన మనిషిని వదులుకున్నవాళ్ళు లేరు. అదే ఏడాది ఏప్రిల్‌లో టెక్ మహీంద్రా ఆ కంపెనీని దక్కించుకుంది. యజమాని చేసిన పనికి టెస్టింగ్ ఇంజనీర్‌ని తప్పుపట్టేవాళ్ళు మా వృత్తిలో తక్కువ. మీరు చేసిన పని వివరంగా చెప్పగలిగితే చాలు.

బ్లాక్‌లిస్ట్ గురించి. కంపెనీకి లోపల ఒక జాబితా ఉంటుంది, చేరతామని చేరనివాళ్ళు, దొంగ కాగితాలు పెట్టినవాళ్ళు అందులో ఉంటారు. అన్ని కంపెనీలూ కలిసి చూసుకునే ఉమ్మడి బ్లాక్‌లిస్ట్ లాంటిది నా సర్వీసులో నేనెక్కడా చూడలేదు. ఐటీ కంపెనీల సంఘం నాస్కామ్ 2006లో మొదలుపెట్టిన నేషనల్ స్కిల్స్ రిజిస్ట్రీని చూపించి కొందరు భయపెడతారు. అది చదువు, ఉద్యోగాల వివరాలు సరిచూసే రిజిస్ట్రీ మాత్రమే. కాబట్టి రాయండి. కానీ జరిగింది జరిగినట్టు రాయండి: ఏ నెలలో ఆఫర్ ఇచ్చారు, ఎన్నిసార్లు వాయిదా వేశారు, మెయిల్‌కి జవాబిచ్చారా. హెచ్ఆర్ అమ్మాయి పేరు రాయకండి, ఆమె పైనుంచి వచ్చింది చదివి వినిపించే ఉద్యోగి. 'మోసగాళ్ళు' అన్న మాట వద్దు, పరువునష్టం నోటీసుకి అవకాశం ఇవ్వొద్దు. తేదీలతో రాసిన నాలుగు లైన్లను మా మేనేజ్‌మెంట్లు చదువుతాయి, మీటింగుల్లో తెరమీద పెట్టి చర్చించడం నేను చూశాను.

ఫిర్యాదు విషయంలో ఎక్కువ ఆశపెట్టుకోకండి. మీరింకా ఉద్యోగి కాలేదు కాబట్టి లేబర్ ఆఫీసు పరిధి అంత స్పష్టంగా ఉండదు. కోర్టుకు వెళ్తే పరిహారం అడగొచ్చు గానీ ఆ దారి పొడుగు. సంఘంతో కలిసి పదిమంది వెళ్తే వేరు. ఇన్ఫోసిస్ విషయంలో నైట్స్ ఫిర్యాదు తర్వాతే కేంద్రం కర్ణాటక కార్మిక శాఖను విచారించమంది. మీ బ్యాచ్‌లో వాయిదా పడ్డవాళ్ళంతా ఒక గ్రూపుగా ఉంటే సమాచారమైనా త్వరగా తెలుస్తుంది.

ఇక మీరిప్పుడు చేయాల్సింది. పెద్ద కంపెనీ ఆఫర్‌ను వదులుకోకండి, కానీ దాన్నే నమ్ముకుని ఖాళీగా ఉండకండి. మీ ఆఫర్ లెటర్ మొత్తం చదవండి. కొన్ని కంపెనీలు ఫ్రెషర్ ఆఫర్‌లో, చేరేలోపు వేరే ఉద్యోగం చేసి ఉండకూడదన్న షరతు పెడతాయి. అది ఉంటే, వేరేచోట చేరేముందు మెయిల్‌లో అడిగి జవాబు తెప్పించుకోండి. ఆ షరతు లేకపోతే నిరభ్యంతరంగా చేరండి. మూడోసారి పిలుపొచ్చినప్పుడు మధ్యలో చేసిన ఉద్యోగాన్ని దాచకండి, పీఎఫ్‌లో ఎలాగూ కనబడుతుంది.

చిన్న కంపెనీకి ఇలా చెప్పండి: సర్టిఫికెట్లు చూపిస్తాను, ఇవ్వను. బాండ్ ఏడాదికి తగ్గించి, నెలనెలా మొత్తం తగ్గేట్టు రాస్తే సంతకం పెడతాను. సర్టిఫికెట్ల దగ్గర వాళ్ళు దిగిరాకపోతే ఆ మాట అక్కడితో ముగించేయండి. దిగివచ్చి, మీ సీనియర్ జవాబులూ పీఎఫ్ తేదీలూ సరిగ్గా ఉంటే చేరడంలో తప్పులేదు. ఏడాది నిజమైన ప్రాజెక్టు అనుభవం, ఇంట్లో కూర్చుని ఎదురుచూసిన ఏడాది కన్నా ఎన్నో రెట్లు నయం.

పెద్ద కంపెనీ హెచ్ఆర్‌కి ఈ వారమే మెయిల్ పెట్టండి, ఫోన్ చేస్తే రికార్డు ఉండదు. కాలేజీ ప్లేస్‌మెంట్ ఆఫీసర్‌ని కాపీలో పెట్టండి. పొడుగ్గా వద్దు, బతిమాలొద్దు, ఇంగ్లిష్‌లో మీ మాటల్లో రాసుకోండి. సారాంశం ఇంతే: "ఫలానా తేదీన మీ ఆఫర్ అంగీకరించాను. జాయినింగ్ ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీకి, అక్కడి నుంచి తేదీ లేకుండా వాయిదా పడింది. ఆఫర్ ఇప్పటికీ చెల్లుతుందా, చేరే నెల ఏది, జీతంలోగానీ హోదాలోగానీ మార్పు ఉంటుందా, ఈలోగా వేరేచోట పనిచేస్తే మీకు అభ్యంతరమా, ఈ నాలుగింటికీ రెండు వారాల్లో జవాబివ్వగలరు." నెల పేరు చెప్పి జవాబిస్తే ఆ ఆఫర్‌ను లెక్కలో ఉంచుకోండి. 'త్వరలో తెలియజేస్తాం' అని వస్తే, లేదా ఏమీ రాకపోతే, ఆ ఆఫర్ లేనట్టే అనుకుని మిగతా ఇంటర్వ్యూలకు వెళ్ళండి. వాళ్ళ జవాబు వచ్చాక ఇక్కడ పెట్టండి, పేర్లు తీసేసి. అందులో ఏ వాక్యానికి లోపల అర్థం ఏమిటో చూసి చెప్తాను.